సగం గుర్తున్న మాట

మరపు దేవుడిచ్చిన వరమని పెద్దలంటారు. పోయినవాళ్లను, పడిన మాటలను మరచిపోలేకపోతే మనిషి బతకలేడని వాళ్ల భావం. నిజమే కావచ్చు. కాని పూర్తిగా మరచిపోవడం వేరు, సగం మరచిపోవడం వేరు. పూర్తిగా మరచినదాన్ని గురించి ఎవరికీ చింత వుండదు. సగం గుర్తున్నదే మనిషిని నిద్రపోనివ్వదు. పెళ్లిలో ఎదురైన బంధువు పేరు నాలుక చివర ఆడుతూ బయటికి రాకపోతే ఎంత ఇబ్బందిగా వుంటుందో మీకు తెలుసు. ఆ పేరు ఖరీదు నాలుగు లక్షల రూపాయలైతే ఎలా వుంటుందో మాత్రం 2024 డిసెంబరులో మా నెమలిలో, మా చెల్లెలి ఇంట్లో చూశాను.

మా వూరు తిరువూరు దగ్గర, గంపలగూడెం మండలంలో వుంది. వేణుగోపాలస్వామి కొలువున్న వూరు గనుక ఆ పేరు వినని వాళ్లు ఈ చుట్టుపక్కల తక్కువ. పత్తి, మిరప, మామిడి మా బతుకులు. ఇలాంటి వూళ్లో బిట్‌కాయిన్ ప్రసక్తి ఏమిటా అని మీరనుకోవచ్చు. మా బావ కూడా అదే అనుకున్నాడు, ఏడేళ్లపాటు.

మా మేనల్లుడు 2017 మార్చిలో ఇంజనీరింగు మూడో సంవత్సరంలో వుండగా, హాస్టలు ఖర్చులకని తండ్రి పంపిన డబ్బులో నాలుగు వేలు పెట్టి ఒక బిట్‌కాయిన్‌లో ఇరవయ్యో వంతు కొన్నాడు. ఆ సంగతి వేసవి సెలవుల్లో బయటపడింది. బావ కొట్టలేదు, తిట్టలేదు. "కంటికి కనపడని నాణెం కొన్నాడట!" అని వూరుకున్నాడు. ఆ వూరుకోవడమే మా వాణ్ణి ఎక్కువ బాధ పెట్టింది. ఆ తర్వాత తండ్రీ కొడుకుల మధ్య మాటలు లేవని కాదు గాని, వున్న మాటలన్నీ "అన్నం తిన్నావా, బస్సు ఎన్నింటికి" అనేంత వరకే.

2018 ఏప్రిల్లో రిజర్వు బ్యాంకు ఈ వ్యాపారం చేసేవాళ్లకు సేవలు చేయవద్దని బ్యాంకులను ఆదేశించింది. 2020 మార్చి 4న సుప్రీంకోర్టు ఆ ఆదేశాన్ని కొట్టివేసింది. ఆ రెండేళ్లలో మా వాడు నాణేన్ని మరచిపోయాడు, ఉద్యోగంలో చేరి హైదరాబాదు వెళ్లాడు, పాత లాప్‌టాప్ మా చెల్లెలి ఇంట్లో అటక ఎక్కింది.

2021లో మిరప తోటల మీద నల్ల తామర పురుగు పడింది. ఆ సంవత్సరం మిరప వేసినవాళ్లకు వేరే చెప్పక్కర్లేదు. మా చెల్లెలి రెండు పేటల గొలుసు, గాజులు బ్యాంకుకు వెళ్లాయి. ఏటా వడ్డీ కట్టి తిరగరాయించుకుంటూ వచ్చారు. 2024లో అదీ సాగలేదు. నవంబరులో వేలం నోటీసు వచ్చింది. వడ్డీతో కలిపి రెండు లక్షల ఎనభై వేలు. మా వాడికి హైదరాబాదులో జీతం వుందిగాని, ఇంటి అద్దెకూ చదువు అప్పుకూ అది చాలక చాలక సరిపోయేది. సరిగ్గా అప్పుడే, డిసెంబరు మొదటి వారంలో, ఒక్క బిట్‌కాయిన్ ధర లక్ష డాలర్లు దాటిందని పత్రికలు రాశాయి. ఇరవయ్యో వంతంటే నాలుగు లక్షల పై మాట. మా వాడు ఆ రాత్రే బస్సెక్కాడు.

అటక మీది లాప్‌టాప్ దిగింది. తెరుచుకుంది కూడా. కాని నాణెం వున్న పెట్టెకు తాళం వుంది. తాళం చెవి ఒక మాట. ఆ మాట వాడికి సగమే గుర్తుంది.

ఇక్కడ కొంచెం వివరం చెప్పాలి. బ్యాంకు పాస్‌వర్డ్ మరచిపోతే ఫోనుకు నెంబరు వస్తుంది, కొత్తది పెట్టుకుంటాం. అక్కడ మన లెక్క రాసుకునే గుమాస్తా ఒకడున్నాడు, మనం ఎవరమో వాడికి తెలుసు. బిట్‌కాయిన్‌కు గుమాస్తా లేడు. 2009 జనవరి 3న మొదలైన ఆ ఖాతా పుస్తకం ప్రపంచంలో వేలాది కంప్యూటర్లలో ఒకేలా వుంటుంది. నాణెం కదలాలంటే దాని రహస్యపు చెవి కావాలి. ఆ చెవి మన లాప్‌టాప్‌లో ఒక ఫైలులో వుంటుంది, పాస్‌వర్డ్ ఆ ఫైలును బిగిస్తుంది. మా వాడు వాడినది బిట్‌కాయిన్ కోర్ అనే ప్రోగ్రాము. అది పాస్‌వర్డును తీసుకుని తక్కువలో తక్కువ పాతిక వేలసార్లు తిప్పి తిప్పి రుబ్బి, ఆ పిండితో తాళం వేస్తుంది. ఎందుకింత రుబ్బుడంటే, దొంగ గబగబా ఊహలు విసరకుండా వుండడానికి. దొంగకు ఎంత ఆలస్యమో, మరచిపోయిన యజమానికీ అంతే ఆలస్యం. మా వాడి పాత లాప్‌టాప్ సెకనుకు పది ఊహల కన్నా ఎక్కువ పరీక్షించలేదు.

సెకనుకు పది అంటే తక్కువేం కాదు కదా అంటారా? లెక్క చూడండి. ఇంగ్లీషు కీబోర్డు మీద అక్షరాలు, అంకెలు, గుర్తులు, ఖాళీతో కలిపి 95. ఏమీ గుర్తులేని ఎనిమిదక్షరాల మాటను ఆ వేగంతో వెదకాలంటే రెండు కోట్ల సంవత్సరాలు దాటుతుంది. కాబట్టి గుర్తున్న ఆ సగమే మాకు దిక్కు.

నేను లెక్కల మాస్టరుగా పనిచేసిన వాణ్ణి గనుక వాడు కాగితం, పెన్ను నా ముందు పెట్టాడు. "మామయ్యా, మూడు ముక్కలు గుర్తున్నాయి. వూరి పేరు, మన గేదె పేరు, నాలుగంకెల నెంబరు. మధ్యలో ఎక్కడో ఒక గుర్తు" అన్నాడు.

"ఏ గుర్తు?"

"అట్ గుర్తు. ఒట్టు."

"నెంబరు ఏది?"

"బండి నెంబరు అనుకుంటా. కాకపోతే నేను పుట్టిన సంవత్సరం, కాకపోతే హాల్‌టికెట్టు చివరి అంకెలు..."

నేను ఒకటే అడిగాను, "గౌరిని ఇంగ్లీషు అక్షరాల్లో ఎలా రాస్తావురా?" వాడు నోరు తెరిచి అలాగే వుండిపోయాడు. తెలుగువాళ్లకు వచ్చే చిక్కు ఇది. తెలుగులో రాస్తే గౌరి ఒక్కటే. ఇంగ్లీషు అక్షరాల్లోకి దించితే జీ తర్వాత ఏ-యూ రాసేవాళ్లున్నారు, ఓ-యూ రాసేవాళ్లున్నారు, ఓ-డబ్ల్యూ రాసేవాళ్లున్నారు. ఒకే మనిషి ఉదయం ఒకలా, సాయంత్రం ఒకలా రాస్తాడు. మొదటి అక్షరం పెద్దదా చిన్నదా అన్నది మరొకటి. అంటే ఆ ఒక్క గేదెకు ఆరు రూపాలు. నెమలికి కూడా చివర ఐ, చివర వై, ఎల్ రెండుసార్లు అని మూడు విధాలు అనుకుంటే, పెద్దా చిన్నా అక్షరాలతో ఆరు రూపాలు. నెంబర్లు అయిదు. మూడు ముక్కల్ని ముందూ వెనకా పేర్చే పద్ధతులు ఆరు. గుర్తు అట్ అని వాడు ఒట్టు పెట్టినా, నేను ఒట్టును లెక్కలోకి తీసుకోలేదు. అయిదు గుర్తులు, ఒక్కొక్కటి నాలుగు చోట్ల, అసలు గుర్తే లేకపోవడం ఒకటి, వెరసి ఇరవై ఒకటి. అన్నీ గుణిస్తే 22,680.

ఒట్టును ఎందుకు నమ్మలేదంటే, ఆ సంవత్సరమే పత్రికల్లో వచ్చిన ఒక సంగతి నాకు జ్ఞాపకం వుంది. యూరప్‌లో ఒకాయన 2013లో నలభై మూడున్నర బిట్‌కాయిన్లకు పైగా పెట్టి తాళం వేసి, ఇరవై అక్షరాల పాస్‌వర్డును పోగొట్టుకున్నాడు. ఆ మాటను ఆయన సొంతంగా ఆలోచించలేదు, రోబోఫారం అనే ప్రోగ్రాము తయారుచేసి ఇచ్చింది. అమెరికాలో జో గ్రాండ్ అనే హార్డ్‌వేర్ నిపుణుడు, జర్మనీలోని మరో మిత్రుడు కలిసి, ఆ ప్రోగ్రాము పాత రూపం కంప్యూటరులోని తేదీని, వేళను బట్టి మాటను పుట్టిస్తుందని కనిపెట్టారు. ఇక కావలసింది ఏ రోజు, ఏ క్షణం అన్నదే. యజమానికి రోజు గుర్తులేదు. తన మాటలో ప్రత్యేక గుర్తులు వున్నాయని మాత్రం గట్టిగా అనుకున్నాడు. ఆ ప్రకారం వెదికితే దొరకలేదు. చివరికి గుర్తులు లేకుండా వెదికితే దొరికింది. ఆయన పెట్టుకున్న పాస్‌వర్డులో ఒక్క గుర్తూ లేదు. జ్ఞాపకంలో అన్నిటికన్నా ప్రమాదకరమైన భాగం మనకు నిశ్చయంగా తోచేదే అని అప్పుడే అనుకున్నాను.

ఇలాంటి పనికి ఉచితంగా దొరికే ప్రోగ్రాము ఒకటి వుంది, బీటీసీరికవర్ అంటారు. గుర్తున్న ముక్కల్ని వరసకొకటిగా రాసి ఇస్తే, తప్పనిసరి ఏది, ఐచ్ఛికం ఏది, ముందే వుండాలా చివరే వుండాలా అని చెబితే, అది వాటిని కలిపి కలిపి ఒక్కొక్కటే పరీక్షిస్తుంది. వేలు జారి ఒక అక్షరం తప్పు పడి వుంటే అదీ చూడమనవచ్చు. మా వాడు ముందుగా ఫైలుకు రెండు నకళ్లు తీసి వేరే చోట దాచాడు. లాప్‌టాప్‌ను ఇంటర్నెట్టు నుంచి విడదీశాడు. తనకు పాస్‌వర్డు తెలిసిన ఉత్తుత్తి పెట్టె ఒకటి చేసి, ప్రోగ్రాము దాన్ని తెరుస్తుందో లేదో చూసుకున్నాడు. నాకు ఆ జాగ్రత్త నచ్చింది. వెదికే దీపం వెలుగుతోందో లేదో చూసుకోకుండా చీకట్లో వెదకడం ఎందుకు?

22,680 ఊహలకు ముప్పై ఎనిమిది నిమిషాలు పట్టింది. మా చెల్లెలు కాఫీ కలిపి తెచ్చింది. ఆఖరి ఊహ అయిపోయింది. దొరకలేదు.

ఆ రాత్రి వాడు అన్నం తినలేదు. "నాలుగంకెల నెంబరు ఏదైనా కావచ్చనుకుని మొత్తం పది వేలూ పెట్టేస్తాను" అన్నాడు. లెక్క వేశాను. నాలుగు కోట్ల యాభై మూడు లక్షల అరవై వేల ఊహలు. ఆ లాప్‌టాప్ మీద యాభై రెండున్నర రోజులు. వేలం గడువు పదిహేడు రోజులే వుంది. వేగమైన యంత్రాలు అద్దెకు తీసుకోవచ్చునని, ఈ పని చేసిపెట్టే మనుషులు ఫోనులోనే దొరుకుతారని అన్నాడు. నేను వద్దన్నాను. ఈ విద్యలో నిజాయితీగలవాళ్లు లేకపోలేదు. కాని పోయిన నాణెం తెచ్చిపెడతామని ముందే రుసుము అడిగి, లేదా రహస్యపు మాటలు చెప్పించుకుని మాయమయ్యేవాళ్లు అంతకన్నా ఎక్కువ. పోగొట్టుకున్నవాడి ఆత్రం మీదే వాళ్ల వ్యాపారం నడుస్తుంది.

మర్నాడు పొద్దున నేను వాణ్ణి మరో విధంగా ప్రశ్నించాను. ఇప్పుడు గుర్తున్నది అడగడం మానేసి, అప్పుడు ఇంట్లో ఏం వుందో అడిగాను. 2017 మార్చి. ఏ గదిలో వున్నావు, ఏ ఫోను, గేదె వుందా, బండి ఏది? మా చెల్లెలు గడప దగ్గర కూర్చుని చిక్కుడుకాయలు గిల్లుతూ, "గౌరి అప్పుడు చూడి గేదె. వైశాఖంలో ఈనింది" అన్నది. సరే, గేదె ఖాయం.

"బండి?" అన్నాను.

వాడు ఇప్పుడున్న బండి నెంబరు చెప్పాడు. నిన్నటి అయిదింటిలో మొదటిది అదే.

అప్పటిదాకా మంచం మీద అటు తిరిగి పడుకున్న మా బావ, తిరగకుండానే అన్నాడు, "ఆ బండి 2019లో కొన్నది. దానికి ముందు పాతది వుండేది."

వాకిట్లో ఎవరూ మాట్లాడలేదు.

"పాతది అమ్మేశాను. 2017 జూలైలో. ఆఖరి సంవత్సరం ఫీజుకి" అన్నాడు మళ్లీ. ఆ తర్వాత నాలుగంకెలూ చెప్పాడు. కాగితం చూడలేదు, తడుముకోలేదు. ఏడేళ్ల కిందట అమ్మిన బండి నెంబరు ఆయనకు వీపు మీద రాసి వున్నట్టుగా చెప్పాడు.

మా వాడు అదే బండి మీద తండ్రి వెనక కూర్చుని తిరువూరు కాలేజీకి వెళ్లి ఇంటరు చదివాడు. అది ఎందుకు అమ్ముడైందో వాడికి అంతవరకూ తెలియదు. కొత్త బండి నెంబరు పాతదాని మీద ఎప్పుడు వచ్చి కూర్చుందో కూడా వాడికి తెలియదు. మనసు అలాగే చేస్తుంది. బండి అనే గది ఒకటి పెట్టుకుని, అందులో ఎప్పటికప్పుడు వున్నదాన్ని వుంచుతుంది. పాతది ఎక్కడ పెట్టిందో మనకు చెప్పదు.

ఒక్క నెంబరు చేర్చాం. కొత్తగా చూడవలసిన ఊహలు 4,536. ఏడున్నర నిమిషాల పని. నాలుగో నిమిషంలో తెర మీద ఒక వరుస ఆగింది. వూరి పేరు, గేదె పేరు, పాత బండి నెంబరు, నెంబరుకు ముందు ఒక చుక్క. మా వాడు ఒట్టు పెట్టిన అట్ గుర్తు ఎక్కడా లేదు.

వాడు కేక వేస్తాడనుకున్నాను. లేచి వెళ్లి తండ్రి మంచం పక్కన నేల మీద కూర్చున్నాడు. "నాన్నా, బండి అమ్మావని నాకు చెప్పలేదేం?" అన్నాడు. "చెబితే నువ్వు చదువుకునేవాడివా?" అన్నాడు మా బావ. ఆ తర్వాత వాళ్లు ఏం మాట్లాడుకున్నారో నాకు తెలియదు. చెల్లెలు నన్ను పెరట్లోకి పిలిచింది, కరివేపాకు కోసిపెట్టమని. కోసేది రెండు రెబ్బలు, పట్టింది అరగంట.

నాణెం కదిలించడానికి ఇంకో నాలుగు రోజులు పట్టింది. అమ్మితే సుమారు నాలుగు లక్షల పాతిక వేలు వచ్చింది. అంతా మనదే అనుకోవడానికి లేదు. 2022 ఏప్రిల్ నుంచి వచ్చిన చట్టం ప్రకారం ఇలాంటి లాభం మీద ముప్పై శాతం పన్ను, దాని మీద నాలుగు శాతం సెస్సు. కొన్న ధర నాలుగు వేలు తప్ప మరే ఖర్చూ తీసివేయనివ్వరు. లెక్క కట్టి ఒక లక్షా ముప్పై ఒక వేయి పక్కన పెట్టించాను. అమ్మేటప్పుడే ఒక శాతం కోసుకున్నది అందులో సర్దుబాటవుతుంది. మిగిలింది రెండు లక్షల తొంభై మూడు వేల చిల్లర. బ్యాంకు బాకీ పోను పదమూడు వేలు. గడువుకు అయిదు రోజుల ముందు గొలుసు ఇంటికి వచ్చింది.

ఇది చదివి మీరూ బిట్‌కాయిన్లు కొనాలని నేను చెప్పడం లేదు. మా బావ లాంటివాళ్లు కంటికి కనపడనిదాన్ని అనుమానించడంలో తప్పేమీ లేదు. అందరికీ ఇలా కలిసిరాదు కూడా. స్టెఫాన్ థామస్ అనే ప్రోగ్రామరు 2011లో సంపాదించిన 7,002 బిట్‌కాయిన్ల చెవి ఒక గట్టి పెన్ డ్రైవులో వుంది. పదిసార్లు తప్పు చెబితే అది శాశ్వతంగా మూసుకుంటుంది. ఆయన ఎనిమిదిసార్లు తప్పు చెప్పాడని 2021లో పత్రికలు రాశాయి. ఎంత జ్ఞాపకం వున్నా పరీక్షించడానికి ఆయనకు మిగిలింది రెండే. మా వాడిది ఫైలు గనుక, ఎన్నిసార్లు తప్పు చెప్పినా విసుక్కోలేదు. వేల్సులో జేమ్స్ హోవెల్స్ అనే ఆయన డిస్కు 2013లో చెత్తకుప్పకు చేరింది. దాన్ని తవ్వనివ్వమని వేసిన దావాను 2025 జనవరిలో కోర్టు కొట్టివేసింది.

ఇప్పటి వాలెట్లు చాలావరకు పాస్‌వర్డుతోపాటు పన్నెండు ఇంగ్లీషు మాటలు ఇస్తాయి. అవి 2,048 మాటల పట్టికలోంచి వస్తాయి. ఏ రెండు మాటలకూ మొదటి నాలుగక్షరాలు ఒకటి కావు గనుక సగం చెరిగిన మాటనైనా పోల్చుకోవచ్చు. పన్నెండింటిలో ఒకటి పూర్తిగా పోయినా, ఏ స్థానంలోదో తెలిస్తే, సరిచూసే లెక్కకు నిలిచేవి నూట ఇరవై ఎనిమిది దాకా వుంటాయి, అంతే. కాని ఆ పన్నెండూ ఫోనులో ఫొటో తీసి పెట్టుకోవడం, గొలుసు తీసి గుమ్మానికి తగిలించడం ఒకటే. కాగితం మీద రాసి, పట్టాదారు పాసుపుస్తకం పక్కన పెట్టండి. ఆ కాగితం ఎక్కడుందో ఇంట్లో మరొకరికి చెప్పండి. తాళం పేరు తెలియక ఆస్తి పోగొట్టుకున్న పిల్లలు, తమ కోసం ఏం అమ్ముడైందో తెలియక పెరిగిన పిల్లలు మన ఇళ్లలో చాలామందే వుంటారు.

మిగిలిన పదమూడు వేలతో మా వాడు ఏం చేశాడంటారా? ఆ పాత బండి ఎవరు కొన్నారో ఆరా తీసి, పక్క వూరు వెళ్లాడు. అది ఇంకా తిరుగుతోందట. కొన్నాయన అమ్మనన్నాడు. "బండి మంచిది బాబూ, ఎందుకు అమ్ముతాను?" అన్నాడట. మా వాడు దాని నెంబరు పలకను కాసేపు చూసి వచ్చేశాడు. ఆ సంగతి చెబితే మా బావ చాలా రోజుల తర్వాత నవ్వాడు.